అర్థమైనట్టు ధ్రువీకరించడమైనది

మనిషికి జబ్బు చేయడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు గాని, నయం కావాలంటే మాత్రం ముందు ఆ జబ్బు అతనికి అర్థమై ఉండాలి. ఈ మహత్తర సత్యాన్ని ఊళ్ళోని పెద్దాసుపత్రి పాలకమండలి ఒక సోమవారం ఉదయం కాఫీకీ బిస్కెట్లకీ మధ్య కనిపెట్టి, మధ్యాహ్నానికల్లా నిబంధనగా మార్చేసింది.

కారణం లేకపోలేదు. అంతకుముందు ఒక రోగి, "మీరు చెప్పినదాంట్లో ఒక్క ముక్క బుర్రకెక్కలేదు, అయినా సంతకం పెట్టించుకున్నారు" అని ఫిర్యాదు చేశాడు. మండలికి రెండు దారులు కనిపించాయి. డాక్టర్లు అర్థమయ్యేలా మాట్లాడటం ఒకటి, రోగులు డాక్టర్ల భాష నేర్చుకోవడం ఇంకొకటి. డాక్టర్లకు తీరిక లేదు. రోగులకు వరండాలో బెంచీల మీద కూర్చోవడం తప్ప ఎలాగూ వేరే పని లేదు. కాబట్టి రెండో దారే మానవీయమైనదని ఏకగ్రీవంగా తేల్చారు. అలా అవగాహన విభాగం పుట్టింది. శరీర నిర్మాణానికి ఒక గది, రసాయనానికి ఒక గది, గణాంకాలకు ఒక గది. ప్రతి గదిలో ఒక అర్థగ్రహణాధికారి, ఒక మౌఖిక పరీక్ష. అన్నీ గట్టెక్కినవారి కాగితం మీద "అర్థమైనట్టు ధ్రువీకరించడమైనది" అని ముద్ర పడుతుంది. ముద్ర పడనిదే కత్తి కదలదు.

ఈ సంగతులేవీ తెలియకుండా, కుడి డొక్కలో పోటు పట్టుకుని బన్నక్క ఆసుపత్రి మెట్లెక్కింది.

ఆవిడ పేరు బన్నక్క కాదు. కానీ సొంత బేకరీలో పిండి కలిపి, బన్నులు చేసి, వీధిలో సగం మందికి టీలోకి అందించే మనిషిని ఆ పేరుతో తప్ప ఎవరూ పిలవరు. పొయ్యి దగ్గర మొగుడు, కౌంటర్లో అత్తగారు, పిండిబల్ల దగ్గర ఆవిడ. కొంతకాలంగా పిండి పిసుకుతూ పిసుకుతూ ఉన్నట్టుండి బల్ల అంచు పట్టుకుని వంగిపోయేది. గ్యాసని అత్తగారు, నిద్ర చాలకని మొగుడు. బన్నక్క మాత్రం నోరు విప్పేది కాదు. వాళ్ళమ్మ కూడా ఇలాగే డొక్క పట్టుకుని వంగి వంగి, అదేం జబ్బో ఎవరూ చెప్పకముందే కన్నుమూసింది.

స్కానింగ్ చూసిన సర్జన్ తల ఊపి, ఒక పొడుగాటి మాట పలికి, "తొందరగా తీసేయాలి" అన్నాడు.

"ఏం తీసేయాలి డాక్టరుగారూ?"

"అదే మీకు అర్థం కావాలి. రెండో అంతస్తుకెళ్ళండి" అన్నాడు. (ఆయన చెడ్డవాడేమీ కాదు. రోగికి తానే చెబితే పరీక్ష లీక్ చేసినట్టవుతుందని సర్క్యులర్ ఉంది.)

మొదటి గదిలో అధికారిణి ముందు ప్లాస్టిక్ మొండెం ఒకటి ఉంది. పొట్ట మూత తీస్తే లోపల రంగురంగుల భాగాలు.

"మీ జబ్బు ఎక్కడుందో చూపించండి."

బన్నక్క తన డొక్క మీద చెయ్యి వేసుకుంది.

"అక్కడ కాదమ్మా. బొమ్మ మీద చూపించాలి. మీ శరీరం సిలబస్‌లో లేదు."

బన్నక్క బొమ్మలోకి తొంగిచూసి, ఎర్రగా నున్నగా బాగా కాలిన రొట్టెలా ఉన్నదాన్ని తాకింది. అది కాలేయం. పరీక్ష పోయింది. పదిహేను రోజుల తర్వాత మళ్ళీ రమ్మన్నారు. ఈలోగా పోటు వస్తే ఏం చెయ్యాలని అడిగితే, చదువుకోమన్నారు.

ఇక చదువు మొదలైంది. అవగాహన విభాగంవారి చిన్న పుస్తకాన్ని మొగుడు పొయ్యి దగ్గర నిలబడి పైకి చదివేవాడు, బన్నక్క పిండి పిసుకుతూ అప్పజెప్పేది. కాలేయం కింద పిత్తాశయం, పక్కన క్లోమం, ఎడమవైపు ప్లీహం. పిండిబల్ల మీదే మైదాముద్దలతో అవన్నీ చేసి, వరసగా పేర్చి, చూసి మురిసిపోయి, అలాగే ట్రేలో పెట్టి కాల్చేసింది. ఆ రోజు ప్లీహాలకు మంచి గిరాకీ వచ్చింది.

"ఇది విను. పిత్తరసం అతిసంతృప్తమైనప్పుడు రాళ్ళు ఏర్పడతాయట" అన్నాడు మొగుడు.

కౌంటర్లోంచి అత్తగారు తల తిప్పింది. "అతిసంతృప్తా? నీతో కాపురం చేస్తూ దానికి సంతృప్తే ఎక్కడిదిరా, అతి కూడానా!"

బన్నక్క నవ్వబోయి డొక్క పట్టుకుంది. నవ్వినా పోటే వస్తోంది. అది చూసి మొగుడు పుస్తకం మూసేశాడు. "ఇంకో ఆసుపత్రికి పోదామే" అన్నాడు మెల్లగా.

"ఇంత చదివాకా?" అంది బన్నక్క.

రెండోసారి పిత్తాశయాన్ని కళ్ళు మూసుకుని చూపించింది. రసాయనం గదిలో అధికారి బక్కపల్చటి మనిషి.

"ఉప్పు అంటే ఏమిటి?"

"కూరలో వేసేదండీ."

"అది ఒక ఉప్పు. ఉప్పులన్నీ కూరలో వెయ్యరు. వేస్తే మా దగ్గరికే వస్తారు. పోనీ, సంతృప్త ద్రావణం అంటే?"

పుస్తకంలో మాట గుర్తుకు రాలేదు. "ఇంక చాలు, ఇక నాలో పట్టదు అనేది" అంది.

అధికారి జవాబుల పుస్తకం తిరగేశాడు. జవాబు తప్పు కాదు, కానీ తప్పు కాని జవాబు ఇంత తేలిగ్గా ఉండటం ఆయన సర్వీసులో మొదటిసారి. మనసు చంపుకుని పాస్ చేశాడు.

అసలు గండం గణాంకాల గది. ఆ గది బయట బెంచీ నున్నగా అరిగిపోయి ఉంది. దాని మీద చాలాకాలంగా ఉంటున్న గడియారాల మేస్త్రి, హెర్నియా ఆపరేషన్ కోసం వచ్చినవాడు, బన్నక్కకి చోటిచ్చాడు.

"సగటు దాకా నాకు బాగానే వచ్చమ్మా. తర్వాతేదో సార్థకమైన తేడా అంటారు. పాత మందుకన్నా కొత్త మందు సార్థకంగా మేలట. అయితే నాకు బాగా ఉపయోగమేగా అన్నాను. తప్పట. సార్థకమంటే అర్థం ఉన్నదని కాదట."

"మరేంటట?"

"అది తెలిస్తే ఈపాటికి ఇంట్లో ఉండేవాణ్ణి."

లోపల పెద్ద అధికారి కళ్ళద్దాలు సవరించుకున్నాడు.

"ఈ ఆపరేషన్లో నూటికి ఒకరికి చిక్కు వస్తుంది. మీకు వస్తుందా?"

"తెలీదండీ."

"భేష్. ఎందుకు తెలీదు?"

"అది కూడా తెలీదండీ."

"సగం మార్కు. విశ్వాస అంతరం అంటే?"

బన్నక్క కాస్త ఆలోచించింది. "అత్తాకోడళ్ళ మధ్య ఉండేదేనా అండీ?"

అధికారి కలం కింద పెట్టాడు. ఇంట్లో ఆయనకూ తల్లీ భార్యా ఉన్నారు. ఒక్క క్షణం ఆయన మొహం మెత్తబడింది కూడా. కానీ సరిగ్గా అప్పుడే బన్నక్కకి పోటు వచ్చింది. ఎప్పుడూ వచ్చేలాంటిది కాదు, వీపులోంచి భుజం దాకా ఎగబాకేది. వాంతి వచ్చినట్టయింది. చెమటలు కారిపోయాయి.

"అయ్యా, నొప్పి... తట్టుకోలేకపోతున్నాను."

"ఎంత? అంకె చెప్పాలి. తట్టుకోలేకపోవడమన్నది పరిమాణం కాదు."

బన్నక్క అంకె కోసం వెతుక్కుంటూ కుర్చీలోంచి పక్కకి ఒరిగి నేల మీద పడిపోయింది.

ఇక్కడ నిబంధనలు రాసినవారి దూరదృష్టిని మెచ్చుకోక తప్పదు. స్పృహ లేని రోగికి ఏదీ అర్థం కాదు గనక, అతనికి పరీక్ష అక్కర్లేదని ఏడో క్లాజులో స్పష్టంగా ఉంది. అధికారి గంట కొట్టాడు. స్ట్రెచర్ పరుగెత్తుకొచ్చింది. ఇన్ని వారాలుగా దొరకని సర్జన్, థియేటర్, మత్తు డాక్టర్, అందరూ చిటికెలో దొరికారు. బేకరీ నుంచి పిండిచేతులతో ఉరికొచ్చిన మొగుణ్ణి తలుపు దగ్గర ఆపేశారు. అతను ఆ తలుపుకి నుదురానించి నిలబడిపోయాడు. తెల్లటి తలుపు మీద ఇంకా తెల్లగా రెండు అరచేతుల ముద్రలు పడ్డాయి. (అదే సమయంలో గణాంకాల గది బయట బెంచీ మీది మేస్త్రి ఏం చేశాడో కూడా చెప్పుకోవాలి. తానూ కళ్ళు తిరుగుతున్నాయంటూ పడిపోయాడు. అయితే పడేముందు కళ్ళజోడు తీసి జేబులో పెట్టుకోవడంతో మినహాయింపు దక్కలేదు.)

బన్నక్క కళ్ళు తెరిచేసరికి కిటికీలోంచి ఎండ మంచం మీద పడుతోంది. పక్కనే మొగుడు, కుర్చీలో కునుకుతున్న అత్తగారు. ఒక నర్సు సెలైన్ సరిచేస్తోంది.

"నాకేమైందమ్మా?" అని అడిగింది బన్నక్క. అందరినీ అడిగిన మాటే. జవాబు మీద ఆశ లేకుండానే అడిగింది.

నర్సు మంచం అంచున కూర్చుంది. "ఏం లేదక్కా. కాలేయం కింద చిన్న సంచి ఉంటుంది. తిన్న కొవ్వు అరగడానికి కావాల్సిన రసం అందులో నిలవుంటుంది. నీ సంచిలో రసం గడ్డకట్టి రాళ్ళయ్యాయి. ఒక రాయి దారికి అడ్డం పడ్డప్పుడల్లా పోటొచ్చేది. సంచి తీసేశారు. అది లేకపోయినా రసం నేరుగా పేగులోకి వెళ్ళిపోతుంది. కొన్నాళ్ళు నూనె, వెన్న తగ్గించు. అంతే."

"అంతేనా?"

"అంతే."

"చచ్చిపోయే జబ్బు కాదా?"

"పట్టించుకోకపోతే ప్రమాదమే. ఇప్పుడు లేదుగా."

బన్నక్క వెక్కివెక్కి ఏడ్చింది. కుట్లు లాగినా ఆపలేదు. వాళ్ళమ్మకి ఈ నాలుగు ముక్కలు చెప్పిన మనిషి ఒక్కరూ లేకపోయారే అని. అత్తగారు లేచి కొంగుతో కోడలి మొహం తుడిచింది.

మర్నాడు గణాంకాల అధికారి ఫైలు చంకన పెట్టుకుని వార్డుకొచ్చాడు. అర్థం కాకుండానే ఆపరేషన్ జరిగిపోయింది గనక దాన్ని క్రమబద్ధం చెయ్యాలట. "మీకేం చేశారో చెప్పగలరా?" అన్నాడు, చెప్పలేరన్న ధీమాతో.

బన్నక్క గడగడా చెప్పేసింది. సంచి, రసం, రాళ్ళు, దారి, పేగు.

అధికారి రాయడం ఆపేశాడు. ఒక్క పారిభాషిక పదం లేదు. కానీ ఎక్కడా తప్పూ లేదు. పక్కమంచం మీది అవ్వకి కూడా అర్థమైపోయినట్టుంది, తల ఊపుతోంది.

"ఇదంతా మీకెవరు చెప్పారు?" అన్నాడు గొంతు తగ్గించి.

"ఆ నర్సమ్మేనండీ! దేవతండీ ఆ అమ్మాయి!" అంది బన్నక్క, మెచ్చుకుంటే ఆ పిల్లకి మేలవుతుందని.

విచారణ చకచకా ముగిసింది. విభాగం అనుమతి లేకుండా, మూడు గదులతో నిమిత్తం లేకుండా, డ్యూటీ సమయంలో ఒక రోగికి అర్థమయ్యేలా చెప్పినట్టు నేరం రుజువైంది. నర్సును వార్డుల్లోంచి తప్పించి దుప్పట్ల గదికి మార్చారు. దుప్పట్లకు ఏదో అర్థమైపోతోందన్న ఫిర్యాదు ఇంతవరకు రాలేదు.