సొంత మీసం

ఆ ఉదయం ఆవిడ పథకం చాలా చిన్నది. పాత కోటు తొడుక్కుని, టోపీలోకి జుట్టు దోపి, పెట్టుడు మీసం అతికించుకుని, అద్దంలో చూస్తూ బొమ్మలో మిగిలిన పైపెదవి గీసేయాలి. తర్వాత మొహం కడుక్కుని బొమ్మను గ్యాలరీకి చేర్చాలి. ఆవిడ చిత్రకారిణి. ఏ వేషం కట్టినా గీసేది తన మొహాన్నే.

గ్యాలరీ మేనేజరు నిన్ననే ఫోనులో సణిగాడు. "స్వీయచిత్రం అచ్చం మీలా ఉండాలండీ! మీసమేంటి? అత్తకి మీసాలొస్తే మామంటారు గానీ ఆర్టిస్టంటారా? మీ ఆయన్ని ఓసారి మాట్లాడమనండి."

ఆ చివరి మాటకి ఆవిడకి ఒళ్లు మండిపోయింది. ఆ బొమ్మను స్వీయచిత్రమనే పెట్టిస్తాను, చూస్తా ఎవడాపుతాడో అనుకుంది.

బొమ్మ పూర్తయింది. మీసం మాత్రం ఊడలేదు. కళ్లజోడు లేకుండా వేషాల జిగురనుకుని ఫ్రేములు అతికించే జిగురు రాసుకుంది మహాతల్లి! సబ్బుకీ నూనెకీ అది చలించలేదు.

భర్త జాలిగా చూశాడు. "నేను లాగనా?"

"పెదవి నాకింకా కావాలి. పద, టైమైపోతోంది."

"ఇలాగేనా?"

"ఇలాగే! నాకు లేని సిగ్గు నీకెందుకు?"

భర్త కారు నిలపడానికి చోటు వెతుకుతుంటే, ఆవిడ అదే కోటూ టోపీతో, బొమ్మ పట్టుకుని లోపలికి నడిచింది. మేనేజరు బొమ్మను చూశాడు, మనిషిని చూశాడు, మొహం వికసించింది.

"ఓహో, ఇది మీ బొమ్మా సార్! మేడమ్ గారు వాళ్లాయన్ని గీశారన్నమాట. మీసం భలే కుదిరింది!"

ఆవిడ దగ్గి ఊరుకుంది. ముందు గోడెక్కనీ అనుకుంది. బొమ్మ గుమ్మానికెదురుగా వెలిసింది. కింద మేనేజరు స్వహస్తాలతో ‘మావారు’ అని చీటీ అంటించాడు. అంతలో అసలు ‘మావారు’ గుమ్మంలోకి వచ్చాడు.

"నేను ఆర్టిస్టు గారి భర్తనండీ."

"చాల్లే! ఆవిడ భర్త లోపలే ఉన్నారు," అంటూ వాచ్‌మన్ ఆయన్ని బయటికి నెట్టాడు.

ఇక ఆవిడ వల్ల కాలేదు. టోపీ తీసింది. జుట్టు భుజాల మీద పడింది. జనమంతా చూస్తుండగా మీసం మెలేసింది.

"ఆ చీటీ పీకి, స్వీయచిత్రం అని పెట్టండి."

మేనేజరు నోరు తెరిచాడు. "మేడమ్... మీరా?"

"అచ్చం నాలా ఉండాలన్నారుగా? వెంట్రుకవాసి తేడా ఉందేమో చూడండి."

"అది... పెట్టుడు మీసం కదండీ!"

"లాగి చూసుకోండి."

లాగాడు. రెండు చేతులతో లాగాడు. ఆవిడ కళ్లల్లో నీళ్లు తిరిగాయి గానీ మీసం కదల్లేదు. జనం చప్పట్లు కొట్టారు.

"ఊడట్లేదండీ," అన్నాడు నీరసంగా.

"అయితే నాదే!"

చీటీ మారింది. వాచ్‌మన్ తల గోక్కుంటూ వచ్చాడు. "మరి బయటున్నాయనో, మేడమ్?"

"రానివ్వు. ఆయన తరఫున నేను మాట్లాడేశానని చెప్పు."

మేనేజరు మాత్రం సాయంత్రం దాకా తన మీసం లాగి చూసుకుంటూనే ఉన్నాడు.