ఒక్క పూట వాడిన గులాబీలు

భయమంటే ఏమిటో తెలుసుకోవడానికి పులి బోనులోకి దూరక్కర్లేదు. కూతురి పెళ్ళికి పూల బాధ్యత నెత్తికెత్తుకుని, ఆ పూలు ఎక్కడివో పెళ్ళాం దగ్గర దాచి చూడండి, చాలు. నేను దాచాను. ఇప్పుడు మీ ముందు కూర్చుని నవ్వుతున్నాను గానీ, ఆ పది రోజులూ మా ఇంట్లో కుక్కర్ కూత వేస్తే నా గుండె జారి చెప్పుల్లో పడేది.

మా అమ్మాయి అడిగింది ఒక్కటే. "నాన్నా, హాలు గుమ్మం నిండా తెల్ల గులాబీలు ఉండాలి. వాటి కిందనుంచి నువ్వు నన్ను చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్ళాలి. ఇంకేం వద్దు."

పుట్టిన ఇరవై ఆరేళ్ళలో అది నన్ను నోరు తెరిచి అడిగిన మొదటి కోరిక. మిగతావన్నీ వాళ్ళమ్మనే అడిగింది. నాకు చెబితే మరిచిపోతానని దాని నమ్మకం. ఆ నమ్మకాన్ని నేనెప్పుడూ వమ్ము చేయలేదు.

మా ఆవిడ బడిలో లెక్కల టీచరు. పరీక్ష హాల్లో ఆవిడ వీపు తిప్పినా పిల్లలు కాపీ కొట్టరు. వీపుకీ కళ్ళుంటాయని వాళ్ళకి అనుమానం, నాకు నమ్మకం. ఆవిడ నా చేతిలో ఒక కవరు పెట్టింది.

"పూలకి ఇంతే. ఇందులోనే సర్దాలి."

"సర్దేస్తా."

"ఇంకో మాట. నా కూతురి గుమ్మానికి వాడిన పూలు కట్టారో, ఊరుకునేది లేదు."

"ఛ, నేనెందుకు కడతాను?"

"మన పెళ్ళికి మీవాళ్ళు కట్టలేదూ?"

ఆ పూల గురించి ఏడాదికి నాలుగుసార్లయినా వింటూనే ఉన్నాను కాబట్టి కవరు జేబులో పెట్టుకున్నాను.

మూడు పూల దుకాణాలు తిరిగాను. మొదటివాడు నా కవరు చూసి, "ఈ డబ్బుకి గుమ్మం రాదు సార్, తాళంకప్పకి వస్తుంది" అన్నాడు. రెండోవాడు కాగితం పూల కొట్టు చూపించాడు. మూడోవాడు జాలిగా చూసి మంచినీళ్ళిచ్చాడు. అప్పుడు పట్టుకుంది నాకు భయం. అమ్మాయి తలెత్తి చూస్తుంది, గుమ్మం బోసిగా ఉంటుంది, అది ఏమీ అనకుండా నవ్వేస్తుంది. ఆ నవ్వు తలుచుకుంటేనే నాకు అన్నం దిగలేదు.

హాలు మేనేజరు మాటల్లో ఒక సంగతి చెప్పాడు. అదే రోజు పొద్దున అదే హాల్లో ఇంకో పెళ్ళి ఉందట. వాళ్ళు కూడా గుమ్మం నిండా తెల్ల గులాబీలే చెప్పారట. పన్నెండింటికి వాళ్ళ పెళ్ళి అయిపోతే పూలన్నీ చెత్త బండిలోకి పోతాయట. మన పెళ్ళి సాయంత్రం ఆరింటికి. నా బుర్రలో దీపం వెలిగింది. వెంటనే మా ఆవిడ అన్న మాట గుర్తొచ్చి ఆ దీపం గజగజ వణికింది. ఎవరో వాడిన పూలని తెలిస్తే?

తెలియనిస్తేగా! బాత్రూంలోకి వెళ్ళి, తలుపు గడియ పెట్టి, కుళాయి తిప్పి, ఆ పెళ్ళికి అలంకరణ చేసే పూలాయనకి ఫోన్ చేశాను.

"నేనెవరో అడగద్దు. ఆదివారం మధ్యాహ్నం నాకు వాడిన పూలు కావాలి."

"వాడినవా? కావాలనే వాడినవి అడుగుతున్నారా?"

"గట్టిగా అనకండి బాబూ. పొద్దున వాడినవి మధ్యాహ్నం నాకివ్వండి. ఎంత?"

"వాడినవాటికి డబ్బులేంటి సార్? ఊరికే తీసుకెళ్ళండి. ఎరువుకా?"

మా అమ్మమ్మ అరువుని ఎరువనేది. ఎరువుల సొమ్ము బరువుల చేటు అని సామెత కూడా చెప్పేది. ఈ రోజుల్లో ఇంత చక్కటి పాత మాట వాడే పూలాయన ఉన్నాడా అని నాకు ముచ్చటేసింది.

"ఎరువుకే. ఒక్క పూటకి" అన్నాను.

"ఒక్క పూటకి ఎరువా?" అని కాసేపు ఆలోచించి, "సరే సార్, మీ ఇష్టం" అన్నాడు.

నేను పనిచేసేది అచ్చాఫీసులో. ముప్పై ఏళ్ళుగా అచ్చుతప్పులు దిద్దడమే నా ఉద్యోగం. ఊళ్ళోవాళ్ళ మాటల్లో తప్పు పట్టుకోగలను. నా మాట దగ్గరికొచ్చేసరికి కళ్ళజోడు ఇంట్లో మరిచిపోయాను.

పెళ్ళిరోజు పొద్దున్నే, టెంటు కుర్చీలు లెక్క చూసొస్తానని ఇంట్లో చెప్పి, కొత్త చొక్కా తొడుక్కుని ఆ పరాయి పెళ్ళికి వెళ్ళాను. తిండికి కాదండీ, కాపలాకి. గుమ్మం చూసేసరికి నా కళ్ళు చెమర్చాయి. నేలనుంచి పైదాకా గులాబీలు! అవన్నీ మనవే అనుకున్నాను. అలా అనుకున్న మరుక్షణంనుంచి నాకు ప్రశాంతత లేదు.

ఫొటోలాయన స్టాండు తెచ్చి గులాబీలకి ఆనించాడు. "బాబూ, కాస్త ఇవతలికి" అన్నాను. పెళ్ళికొడుకు బాబాయి ఒకాయన పువ్వు తుంపి కోటు గుండీకి పెట్టుకున్నాడు. అది పడిపోతే ఇంకోటి తుంపాడు. మూడోసారి చెయ్యి చాచేసరికి నేను అడ్డం నిలబడ్డాను.

"మీరెవరు?" అన్నాడు.

"ఈ గుమ్మం తాలూకు" అన్నాను.

పదకొండైనా పెళ్ళికొడుకు కారు రాలేదు. అక్కడి పెళ్ళికూతురి తండ్రి నిబ్బరంగానే ఉన్నాడు, నేను మాత్రం గేటుకీ గుమ్మానికీ మధ్య పచార్లు మొదలుపెట్టాను. ఈ పెళ్ళి ఆలస్యమైతే నా పెళ్ళికి పూలుండవు. ముక్కూ మొహం తెలియని ఆ జంట చల్లగా, ముఖ్యంగా త్వరగా, ఒకటి కావాలని నేను మొక్కుకున్నంతగా వాళ్ళ సొంత మేనత్తలు కూడా మొక్కుకుని ఉండరు.

పన్నెండున్నరకి అయ్యింది. జనం భోజనాలకి కదిలారు. పూలాయన నిచ్చెన వేసి గులాబీలు మెల్లగా దించి, తడిగుడ్డ చుట్టి వ్యానులో పెడుతున్నాడు. నేను పరుగెత్తాను.

"అవి నావి!"

"మీరు..."

"ఫోన్లో మాట్లాడానే! వాడిన పూలు!"

"ఓ, మీరేనా! మీవి వెనక షెడ్డులో ఉన్నాయి సార్. ఇవి కావు. ఇవి వాడలేదు."

"వాడలేదా? పొద్దున్నుంచీ వాడుతూనే ఉన్నారు కదయ్యా! నా కళ్ళతో చూశాను!"

"ఎక్కడ వాడాయి సార్?" అంటూ ఒక పువ్వు నా ముక్కు కింద పెట్టాడు. "మంచులా ఉంటేనూ! ఇవి ఒక మేడంగారు పదిహేను రోజుల ముందే మాట్లాడుకుని, ఎండ తగలకుండా చల్లటి గదిలో ఉంచమన్నారు. మీరు ఎరువుకన్నారని మీకోసం వారం రోజులనుంచీ ఎండిపోయినవన్నీ పోగేసి పెట్టా."

వ్యాను వెళ్ళిపోయింది. షెడ్డులో ఆరు బుట్టలున్నాయి. అందులో ఉన్నవి ఒకప్పుడు గులాబీలని చెబితే నమ్మాలి. అంతసేపూ గుండె కొట్టుకుంటోందని విసుక్కున్నవాణ్ణి, అప్పుడు అది ఆగిందేమోనని చెయ్యి పెట్టి చూసుకున్నాను.

అయిదు గంటల టైముంది. కవరు పట్టుకుని దుకాణాలకి పరుగెత్తాను. ఆదివారం మధ్యాహ్నం, అన్నీ మూసున్నాయి. తెరిచి ఉన్నది ఒక్క చెప్పుల కొట్టే. అక్కడ అద్దాల వెనక కాన్వాస్ బూట్లకి వేసే తెల్ల పాలిష్ సీసాలు కనిపించాయి. మునిగేవాడికి గడ్డిపోచైనా చాలంటారు. నేను ఎనిమిది సీసాలు కొన్నాను.

షెడ్డులో బోర్లించిన బకెట్ మీద కూర్చుని ఒక్కొక్క పువ్వుకీ బ్రష్ వేశాను. రేకులు కొన్ని రాలాయి, కొన్ని నా చేతికే అంటుకున్నాయి. కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. పాలిష్ ఘాటుకేనని అప్పుడు నాకు నేనే చెప్పుకున్నాను. సుమారు రెండొందల పూలయ్యాక తలుపు దగ్గర నీడ పడింది.

మా ఆవిడ! పట్టుచీరలో, చేతులు కట్టుకుని.

"ఏంటిది?"

అబద్ధం ఆడదామని నోరు తెరిచాను. భయానికి నిజమే వచ్చేసింది. పొద్దున పెళ్ళి, ఫోను, కుళాయి, అన్నీ చెప్పేశాను. "అమ్మాయి ఒక్కటే అడిగింది, అదీ చేయలేకపోయాను" అన్నాను.

ఆవిడ నా రెక్క పట్టుకుని హాలు ముందుకి తీసుకొచ్చింది. పూలాయన నిచ్చెన మీదున్నాడు. గుమ్మం నిండా పొద్దుటి గులాబీలే, నీళ్ళు చల్లుకుని నన్ను చూస్తున్నాయి.

"ఆ మేడంగారివి... నువ్వా?"

"పొద్దుటి పెళ్ళికూతురి తల్లి మా బళ్ళో డ్రాయింగు టీచరు. ఇద్దరం చెరిసగం వేసుకున్నాం."

"మరి వాడిన పూలు కడితే ఊరుకోనన్నావు?"

"అన్నాను. ఇవి వాడాయా? కళ్ళు పెట్టి చూడండి. మన పెళ్ళి ఫొటోలో గుమ్మానికి చీపుళ్ళు కట్టినట్టుంటుంది. అలా ఉండకూడదన్నాను."

ముప్పై ఏళ్ళ అచ్చుతప్పుల అనుభవం ఆ గుమ్మం ముందు తల వంచుకుంది.

"అయితే నాకు కవరెందుకిచ్చావు?"

"మీకేదో ఒక పని చెప్పకపోతే వంటవాళ్ళకి సలహాలిస్తారని. పది రోజులు బాత్రూంలో ఉన్నారు, నా పనులన్నీ చక్కగా అయ్యాయి."

"నీకు... వినపడిందా?"

"కుళాయి చప్పుడుకి మించి అరిచారుగా. వీధి చివరిదాకా వినపడింది. వాడిన పూలు, ఎరువు అంటుంటే, పోనీలే, ఈ వయసులో మొక్కల మీద మనసు పుట్టింది అనుకున్నా."

ఆరింటికి అమ్మాయి నా చెయ్యి పట్టుకుంది. గుమ్మం కింద ఆగి తలెత్తి చూసింది. అది నవ్వింది, నేను పది రోజులు భయపడిన నవ్వు కాదు.

"షెడ్డు సంగతి అమ్మ చెప్పింది నాన్నా."

"అవన్నీ పారేశార్లేమ్మా."

"ఒకటి పారెయ్యలేదు" అంటూ చేతిలో పూలగుత్తి పక్కకి తిప్పింది. మధ్యలో తెల్ల పాలిష్ పూసిన ఎండు గులాబీ, దాని మీద నా బొటనవేలి ముద్ర. ఈసారి పాలిష్ మీదికి నెట్టేయడానికి లేదు, ఏడ్చేశాను.

లోపలికెళ్ళి అల్లుణ్ణి ఆనందంగా కౌగిలించుకున్నాను. అందుకే పెళ్ళి ఫొటోలన్నిట్లోనూ అతని నల్లకోటు వీపు మీద అయిదు వేళ్ళూ తెల్లగా పడ్డాయి.

మా ఆవిడ తడిగుడ్డతో నా చేతులు తుడుస్తూ ఒక్కసారి నన్ను పైనుంచి కిందికి చూసింది.

"ఇరవై ఎనిమిదేళ్ళుగా వాడుతున్నాను మిమ్మల్ని. ఇంకా వాడలేదు, అదే నా అదృష్టం" అంది.

ఏ అర్థంలో అందో అడగలేదు. ఇప్పటికీ భయమే.