నాలుగు భాగాల క్షమాపణ

హోసూరులో బట్టల షాపు నడిపే ద్వారకనాథ్ మంగళవారం పొద్దున కాఫీ తాగుతూ, ఈ వారంలో చెల్లెలికి క్షమాపణ చెప్పేయాలని తీర్మానించుకున్నాడు. ఫోన్ చేసి చెప్పే వీలు లేదు. ఏడాదికి పైగా తార అతని ఫోన్ ఎత్తడం లేదు. ఆదివారం కృష్ణగిరిలో ఆమె కూతురికి చెవులు కుట్టిస్తున్నారు. బిడ్డను ఒళ్లో కూర్చోబెట్టుకోవలసిన మేనమామ ఇతనొక్కడే. పిలుపు మాత్రం రాలేదు.

గొడవంతా తార సీమంతం నాటిది. పుట్టింటి గాజులు తేవలసిన అన్న మూడు గంటలు ఆలస్యంగా వెళ్లాడు. సూళగిరి దగ్గర లారీ అడ్డం పడిందని చెప్పాడు. అప్పటికే పక్కింటావిడ తెచ్చిన గాజులు తొడిగి ముహూర్తం దాటకుండా కానిచ్చేశారు. తార ఒక మాట అంది, ఇతను నాలుగన్నాడు.

షాపు ఆఫర్లను ద్వారకనాథ్ ఎప్పుడూ ఒక్కసారిగా చెప్పడు. నాలుగు భాగాలుగా రాసి, రోజుకొకటి పొద్దున పదింటికి షాపు ఫేస్‌బుక్ పేజీలో దానంతటదే పడేలా ముందే షెడ్యూల్ చేసి పెడతాడు. అంతా ఒకేరోజు చెప్పేస్తే మరునాడు పేజీ వైపు ఎవరు చూస్తారని అతని వాదన. క్షమాపణకూ అదే పద్ధతి పట్టాడు. మొదటి భాగం చిన్ననాటి ముచ్చట. రెండోది చెల్లెలి తప్పులు, నంబర్లు వేసి మరీ. మూడోది తన తప్పులు. నాలుగోది క్షమాపణ.

భార్య సాయిప్రియ చదివి, "ఆ రెండోది ఏంటికండీ?" అని అడిగింది.

"మూడోది చదివితే రెండోది మరిచిపోతుందిలే," అన్నాడు. అన్నగారన్నాక ఆ మాత్రం బింకం ఉండాలి కదా.

బుధవారం పదింటికి మొదటి భాగం పడింది. వానలో చెల్లెలు తడవకూడదని తన పుస్తకాల సంచి ఆమె నెత్తిన పెట్టి, పుస్తకాలన్నీ నానబెట్టి, స్కూల్లో తన్నులు తిన్న కథ. పదీ పదికల్లా తార ఫోన్ వచ్చింది.

"అన్నా, చాలు. ఇంకేం రాయొద్దు. రేపు టిఫినుకు రా. ఆదివారం బిడ్డను నువ్వే ఒళ్లో పెట్టుకోవాల," అంటూ ఏడ్చేసింది.

ద్వారకనాథ్ కూడా ఏడ్చాడు. ఆ ఏడుపులో మిగతా మూడు భాగాల సంగతి మరిచిపోయాడు.

గురువారం పదింటికి కృష్ణగిరిలో తార అతనికి దోసెలు వడ్డిస్తోంది. ఒళ్లో మేనకోడలు అతని కళ్లజోడు లాగుతోంది. ఎదురుగా తార భర్త గిరీష్ ఫోన్ చూస్తూ నవ్వు ఆపాడు.

"బావా, 'తప్పు నంబర్ మూడు, మొగుడి మాట విని అన్నను మరవడం' అని రాసినావే, ఆ మొగుడు నేనేనా?"

ద్వారకనాథ్ గొంతులో దోసె అడ్డం పడింది. పోస్టు కింద ఎవరో కస్టమరు, "మూడో భాగంలో డిస్కౌంట్ ఎంత సార్?" అని అడిగాడు. బర్గూరులోని పెదనాన్న కొడుకు, "చెల్లెల్ని బాగా అడిగినావప్పా," అని మెచ్చుకుని, స్క్రీన్‌షాట్ తీసి బంధువుల గ్రూపులో కూడా పెట్టేశాడు.

ద్వారకనాథ్ వరండాలోకి పరిగెత్తి భార్యకు ఫోన్ చేశాడు. "సాయీ, షాపు కంప్యూటర్లో ఆ పోస్టు తీసెయ్. ఇప్పుడే."

రెండు నిమిషాల్లో జవాబొచ్చింది. "తీసేసినానండీ. మూడోది, నాలుగోది పోయినాయి."

"రెండోది?"

"అది అప్పుడే పడిపోయింది కదా. షెడ్యూల్లో మిగిలింది ఆ రెండే."

కొండ నాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడింది. స్క్రీన్‌షాట్ పుణ్యమా అని చెల్లెలి తప్పులు ఊరంతా చదువుతోంది, అన్న క్షమాపణ ఎక్కడా లేదు. దానికి కాపీ కూడా లేదు.

అతను తల వంచుకుని లోపలికి వచ్చేసరికి తార ఆ పోస్టే చదువుతోంది. చదివి నవ్వింది.

"ఇవన్నీ నిజమే కదన్నా. ఆ పొద్దు నీకు నీళ్లు గూడా ఇయ్యలేదు నేను. మనసులో ఉండేది చెప్పేసినావు, మంచిదే. కూర్చో, దోసె చల్లారిపోతుంది."

అప్పుడు నోరు మూసుకుని దోసె తిని ఉంటే అంతటితో సరిపోయేది. కానీ చెల్లెలి మంచితనం చూసి అతనికి సిగ్గేసింది.

"ఇంకో భాగం ఉండె తారా. నా తప్పులు. ఆ పొద్దు లారీ ఏం అడ్డం పడలేదు."

తార చేతిలో అట్లకాడ ఆగింది. "మరి యాడుంటివి?"

"షాపులోనే. పెళ్లి బట్టలకని ఒక పెద్ద కుటుంబం వచ్చింది. వాళ్లను పంపించి వచ్చేద్దామనుకొన్నాను. గాజులు కౌంటరు మీదనే ఉండె."

"లారీ అడ్డం పడితే అన్న ఏం చేస్తాడని ఇన్నాళ్లు నాకు నేనే సర్ది చెప్పుకొన్నాను," అంది తార నెమ్మదిగా. "నువ్వన్న మాటలకే నా కోపం, ఆలస్యానికి కాదు. అందరి ముందర వట్టి చేతులతో కూర్చోనుంటిని అన్నా. బేరం కోసమా?"

ఆమె వంటింట్లోకి వెళ్లి మళ్లీ బయటికి రాలేదు. ద్వారకనాథ్ గడప దగ్గర చాలాసేపు నిలబడ్డాడు. కంప్యూటర్లో ఒక్క అచ్చుతప్పు లేకుండా టైపు చేసిన నాలుగో భాగంలో ఒక్క మాట కూడా నోటికి రాలేదు. "తారా," అని మాత్రం రెండుసార్లు పిలిచాడు. లారీ అబద్ధం చెప్పినందుకు ఏడాదిగా పడని బాధ, నిజం చెప్పిన ఆ పూట పడ్డాడు.

ఆదివారం పొద్దున ఆరింటికే వెళ్లి, ఇంకా తెరవని తలుపు ముందు నిలబడ్డాడు. ముహూర్తానికి తార బిడ్డను తెచ్చి అతని ఒళ్లో పెట్టింది. ముఖం చూడలేదు. సూది దిగగానే బిడ్డ ఏడ్చింది, మేనమామ అంతకన్నా ఎక్కువ ఏడ్చాడు. మేనకోడలంటే ఎంత ప్రేమోనని అందరూ మెచ్చుకున్నారు.

బయల్దేరేటప్పుడు తార తాంబూలం చేతికిచ్చింది. "బిడ్డకు మేనమామ కావాల, కూర్చోబెట్టినాను. నేను నీతో మాట్లాడేదానికి ఇంకా టైం పడుతుందన్నా."

ఏ రోజు, ఎన్ని గంటలకు అని ద్వారకనాథ్ అడగలేదు.