మేకప్ వేసుకున్న నాటుకోడి

ఫోన్ పెట్టేసి మా ఆయన శ్రీహరి గంతేశాడు. "అమ్మా! నీ నాటుకోడి పులుసు టీవీల వస్తదంట!" పెళ్లయి నలభై రోజులే కదా, ఆయన గంతేస్తే నేనూ గంతేశాను. మా అత్తమ్మ ఉప్పలమ్మ మాత్రం "ఎందరొస్తరో అడిగినవా? కోళ్లు సాలాలె గద" అంది.

పాపం, ఆమెకు తెలియదు. నాకూ మొన్నటిదాకా తెలియదు. కూర తినడానికి కాదండీ! తినడం అనాగరికుల అలవాటు. ఈ జ్ఞానం సూర్యాపేటలో మా ఇంటికే నడిచొచ్చింది.

ఆ జ్ఞాని పేరు జితేందర్. టీవీవాళ్ల ఫుడ్ స్టైలిస్ట్, అంటే వంటకు మేకప్ వేసే ఆయన. అత్తమ్మ తెల్లవారుజామునే లేచి కట్టెల పొయ్యి మీద వండిన పులుసును చూసి పెదవి విరిచాడు. "బాగా ఉడికిపోయింది ఆంటీ. ముక్క ముడుచుకుంది." ఇంకో కోడిని సగం ఉడికించి, బ్రష్‌తో రంగు పూసి, మెరుపు కోసం గ్లిజరిన్ రాశాడు. నా పెళ్లికి నాకు కూడా అంత శ్రద్ధగా మేకప్ వేయలేదు!

"పచ్చిగున్నది గద సారూ, ఎట్ల తింటరు?"

"ఎవరు తింటారు ఆంటీ?"

ఎంత గొప్ప మాట! సగమే ఉడికిస్తే గ్యాస్ ఆదా. అన్నం కింద గిన్నె బోర్లిస్తే రెండు గుప్పిళ్లకే కొండంత రాశి. మా దగ్గరి గరిడేపల్లి వరి రైతులు ఇక నాట్లు మానేసి హాయిగా కూర్చోవచ్చు! పెరుగు బదులు తెల్ల జిగురు. ఏడాదైనా పులవదు. మీ ఫ్రిజ్‌కు చేతనవుతుందా? కూర వెనక అగరుబత్తి పెడితే పొగకు పొగ, పుణ్యానికి పుణ్యం!

యాంకరమ్మ ముందుచూపు ఇంకా గొప్పది. పొద్దున వెలుతురు బాగుందని, గిన్నె మూతైనా తీయకముందే ఖాళీ చెంచా నోట్లో పెట్టుకుని "అబ్బబ్బ! ఏం రుచి!" అనేసింది.

మరి అత్తమ్మ పులుసు? గిన్నెలో పోసే షాట్ కోసం దాచారు. నా కోసం ఒక్క ముక్క దొంగిలించబోయిన మా ఆయన మీద "ముట్టొద్దు!" అని అరిచారు. పళ్లేలతో వచ్చిన పక్కింటి ఐలమ్మత్తను వాకిట్లోనే ఆపారు. సాయంత్రం దాకా లైట్ల కింద ఉడికిన ఆ పులుసులో చివరికి ఎర్రరంగు కలిపి, షాట్ తీసి, మోరీలో పారబోశారు.

వ్యాన్ ఎక్కుతున్న యాంకరమ్మను అత్తమ్మ ఆపి అడిగింది. "బిడ్డా, ఉప్పు సరిపోయిందా?"

ఆ పిల్ల ఫోన్‌లోకి చూసుకుంది.

ముప్పయ్యేళ్లుగా వండుతున్న మనిషి. ఊరంతా చూసే టీవీ ఆమెకు అక్కర్లేదు. తిన్నవాళ్లెవరైనా ఒక్క మాట చెబితే చాలు. తిన్నవాళ్లే లేరు! ఆ పూట ఆమె కూడా తినలేదు. గిన్నెలు తోముకుంటూ కూర్చుంది. ఇంక నావల్ల కాదు, ఈ నాగరికతను పొగడలేను.

ఇందాక జితేందర్ మళ్లీ ఫోన్ చేశాడు. రంగు సరిగా రాలేదట, రేపు పదింటికి రీటేక్. మా ఆయన రెండు కోళ్లు తెచ్చాడు. ఒకటి తెల్లారకముందే పొయ్యి ఎక్కుతుంది. ఐలమ్మత్త అప్పుడే వాడకట్టంతా చెప్పొచ్చింది. "ఏడింటికే రాండ్రి. టీవీవోళ్లు రాకముందే కుండ ఖతం కావాలె!"

రెండోదాన్ని పచ్చిగానే పక్కన పెట్టాం. అది కెమెరాకు.