కూర వాసన దారి తప్పిన ఆదివారం

సలోమి ఆదివారం ఆరాధనకు వెళ్లి వచ్చేలోపు, ఆమె పొయ్యి మీద పెట్టిన పందికూర వాసన వంటింటి కిటికీలోంచి బయటకు వెళ్లి, దారి తప్పి, తొమ్మిదో బ్లాకు మూడో అంతస్తులో పట్టుబడింది. పట్టుకున్నవాళ్లు నిబంధనల ప్రకారం దాన్ని మునిసిపాలిటీ వాసనల విభాగానికి అప్పగించి రసీదు తీసుకున్నారు.

తప్పు వాసనది కాదు, అలవాటుది. నాలుగు నెలల కిందటి వరకూ సలోమి వాళ్లు కాలువ గట్టు మీద పేటలో ఉండేవారు. అక్కడ ఆదివారం కూరకు ఒక పద్ధతి ఉంది. పొద్దున్నే మాంసం ముక్కల్ని కొవ్వుతో సహా మట్టి దాకలో వేసి, ఉప్పూ కారం, అల్లం వెల్లుల్లి పట్టించి, పైన అనాసపండు ముక్కలు పరిచి, మూత పెట్టి, సన్నని సెగ మీద వదిలేసి చర్చికి వెళ్లిపోతారు. నీళ్లు పోయనక్కర్లేదు, కలపనక్కర్లేదు. పండు కరిగి మాంసంలోకీ, కొవ్వు కరిగి పండులోకీ దిగుతాయి. వారమంతా పనికి పోయే ఆడవాళ్లకు అంతకంటే సులువైన వంట లేదు. కూర అయ్యాక దాని వాసనే బయలుదేరి చర్చి గుమ్మం దాకా వచ్చి ఇంటివాళ్లను పిలుచుకుపోయేది. ఇరవై ఇళ్ల వాసనలు ఒకేసారి వచ్చినా, ఎవరిది వాళ్ల పక్కనే వచ్చి నిలబడేది. పాస్టరుగారు చివరి ప్రార్థన దాన్నిబట్టే ముగించేవారు.

ఇప్పుడుంటున్న కాలనీలో పద్నాలుగు బ్లాకులు. ఇక్కడికి వచ్చాక ఆ కూర వండటం ఇదే మొదలు. అన్నిటికీ ఒకటే రంగు, ఒకటే మెట్లు. నంబర్లు గోడల మీద పెద్దగా రాసి ఉన్నాయి గానీ వాసనకు చదువు రాదు. చర్చి ఎటుందో తెలియక అది బ్లాకుల మధ్య రెండుసార్లు తిరిగి, తలుపు తీసి ఉన్న ఇల్లు చూసి, అడుగుదామని లోపలికి వెళ్లింది.

సలోమి, ఆమె భర్త జకరయ్య ఇంటికి వచ్చేసరికి ఒంటి గంట. సలోమి మూత తీసింది. ముక్క వేలితో నొక్కితే విడిపోయేంత మెత్తగా ఉంది. అనాస పూర్తిగా కరిగి, గుజ్జు ఎర్రగా, నూనె తేలి నిగనిగలాడుతోంది. వాసన మాత్రం లేదు. మంచినీళ్లకు ఉన్నంత కూడా లేదు.

"అత్తా, కూర వాసన ఏమన్నా నీ దగ్గరికొచ్చిందా?" అని అడిగింది.

రాహేలమ్మ మంచం మీద గోడకు ఆనుకుని కూర్చుని ఉంది. "ఇందాకే పోయిందే బయటికి. మిమ్మల్ని పిలుచుకురావటానికి పోయిందనుకున్నా. రాలా?"

రాహేలమ్మకు ఆరేళ్లుగా చూపు లేదు. పళ్లెంలో ఏముందో ఆమెకు వాసనే చెబుతుంది. వాసన చెప్పనిదే ముద్ద నోట్లో పెట్టదు. జ్వరం వచ్చి తగ్గాక నాలుగు రోజుల నుంచి ఏది పెట్టినా "ఇదేంది, బూడిదా?" అని పక్కకు నెట్టేస్తోంది. ఈ రాత్రికి కూడా అన్నం దిగకపోతే పొద్దున్నే ఆస్పత్రిలో చేర్చాల్సిందేనని నర్సమ్మ చెప్పి వెళ్లింది. నిన్న సాయంత్రం రాహేలమ్మే నోరు తెరిచి, "నాలిక చచ్చిపోయిందే. పండేసి ఆ కూరొండు, తింటా" అంది. సలోమి బజారంతా తిరిగి అనాసపండు తెచ్చింది.

రెండు గంటలకు వాచ్‌మన్ ఇంటింటికీ పంచుతూ వచ్చి వాళ్లకూ ఒక కాగితం ఇచ్చాడు. అది తొమ్మిదో బ్లాకు వాళ్ల ఫిర్యాదు నకలు. జకరయ్య పైకి చదివాడు.

"పై వాసన మధ్యాహ్నం పన్నెండుంపావుకు అనుమతి లేకుండా మా హాల్లోకి వచ్చి సోఫా పక్కన నిలబడింది. ఎవరినీ ఏమీ అనలేదు. అయితే మా పిల్లలిద్దరూ పెరుగన్నం మూడేసిసార్లు వడ్డించుకున్నారు. మా వారు నిద్ర లేచి, ఈ రోజు కూరేమిటని నన్ను అడిగారు. తగు చర్య తీసుకోగలరు."

కింద, వాసన తాలూకు కుటుంబం సాయంత్రం నాలుగింటికి హాజరు కావాలని, తమదేనని అంగీకరించినవారి పేరు, ఇంటి నంబరు వారం రోజులు గేటు దగ్గర బోర్డు మీద రాయబడునని ఉంది. ఎవరూ రాకపోతే అది ఎవరిదీ కాని వాసనగా నమోదవుతుంది.

జకరయ్య కాగితం మడిచాడు. అతను కాలనీ పిల్లల్ని బడికి తీసుకెళ్లే ఆటో నడుపుతాడు. పదకొండు మంది పిల్లలు. ఇద్దరు తొమ్మిదో బ్లాకు వాళ్లే.

"పోకపోతే సరిపోద్ది," అన్నాడు. "మన పేరు కాగితంలో లేదు. ఎవురిదో అనుకుంటారు."

"మరి అత్త?"

"గుడ్డు పొరటు చెయ్యి."

"నిన్న చేశా. బూడిద అంది."

"బోర్డు మీద రాస్తారంట సలోమీ. పిల్లల్ని పంపుతారా ఎవురైనా?"

సలోమి చీర మార్చుకోలేదు. చర్చికి కట్టిన తెల్ల చీరతోనే గుమ్మంలో నిలబడి చెప్పులేసుకుంది. "నేను పోతన్నా. నువ్వు ఆటోలో తీసకపోతే తీసకపో. లేకపోతే నడుస్తా."

జకరయ్య ఆటో తీశాడు.

వాసనల విభాగానికి ఆదివారమే రద్దీ. గోడ మీద పట్టిక ఉంది. సాంబారు వాసనకు శాశ్వత అనుమతి. కోడికూరకు ఆదివారం పన్నెండు నుంచి రెండు దాకా. అగరుబత్తికి దరఖాస్తే అక్కర్లేదు. పట్టుబడిన వాసనల్ని లోపలి గదిలో బెంచీల మీద కూర్చోబెడతారు. ఎండుచేపల పులుసు వాసన ఒకటి ఏడాదిగా అక్కడే ఉంది. దాని వాళ్లు ఒకసారి వచ్చి, చూసి, మాది కాదని సంతకం పెట్టి వెళ్లారు. అప్పటి నుంచి అది మూలకు జరిగి కూర్చుంది. సిబ్బంది మధ్యాహ్న భోజనాలు ఆ గదిలోనే చేస్తారు. పర్యవేక్షణ కోసమని రిజిస్టరులో రాసుకున్నారు.

అధికారి విశ్వనాథం మంచి మనిషి. ఇద్దరికీ కుర్చీలు వేయించాడు.

"ఏమేం వేశారమ్మా అందులో?"

సలోమి చెప్పింది. ఆయన రాసుకుంటూ అనాస దగ్గర ఆగాడు. ముఖం వికసించింది.

"పండుందా! ముందే చెప్పొద్దూ? పండు వాసనకు అనుమతి అక్కర్లేదు. దాన్ని విడదీసి ఇప్పుడే ఇచ్చేస్తాం. బోర్డూ ఉండదు, ఏమీ ఉండదు. మిగతాది మా దగ్గరుంటుంది."

జకరయ్య కుర్చీలో ముందుకు జరిగాడు. "అది చాలు సార్."

"ఎందుకు చాలుద్దయ్యా?" అంది సలోమి.

విశ్వనాథం వాసనలు విడదీసే ఉద్యోగి సాంబయ్యను పిలిపించాడు. ముప్పై ఏళ్ల అనుభవం, అందరికంటే పెద్ద ముక్కు. సాంబయ్య లోపలి గదిలోకి వెళ్లి పావుగంట ఉన్నాడు. వచ్చేటప్పుడు కండువాతో కళ్లు తుడుచుకుంటున్నాడు.

"కుదరదు సార్. పండు ఎక్కడ అయిపోద్దో, మాంసం ఎక్కడ మొదలవుద్దో నాకు దొరకలా." సలోమి వైపు తిరిగి, "ఎంతసేపు పెట్టావమ్మా?" అన్నాడు.

"పొద్దున ఏడింటికి పెట్టా. సిమ్ములో."

"అయిదు గంటలు!" అన్నాడు సాంబయ్య. "పెద్ద మంట మీద గబగబా చేసుంటే దేనికది విడదీసేవాణ్ని. ఇంత నిదానంగా కలిసినదాన్ని విడదీసే మిషను ఇంకా రాలేదమ్మా."

విశ్వనాథం నిట్టూర్చి ఇంకో ఫారం తీశాడు. "అయితే గుర్తింపు పెట్టాలి. కుటుంబసభ్యులు గోడవారగా నిలబడాలి. వాసనను వదులుతాం. అది ఎవరి దగ్గరికి వెళ్తే వాళ్లు మాదని గానీ, మాది కాదని గానీ చెప్పాలి. కాదంటే అంతటితో అయిపోతుంది. మేము బలవంతం చేయం."

సలోమి గోడకు ఆనుకుని నిలబడింది. జకరయ్య వీధి తలుపు దగ్గరికి వెళ్లి, సగం బయట సగం లోపల నిలబడ్డాడు. లోపలి గది తలుపు తీశారు.

వాసన వెంటనే రాలేదు. కొత్తచోటు కదా, గుమ్మంలో కాసేపు ఆగింది. సలోమి చెయ్యి చాచింది. అది ఆమె పక్కనుంచే, కొంగును కదిలించి, ముందుకు వెళ్లిపోయింది. నేరుగా తలుపు దాకా వెళ్లి జకరయ్య చొక్కాలోకి ఎక్కి, మెడ చుట్టూ తిరిగి, అక్కడే ఉండిపోయింది. నలభై ఏళ్లు ప్రతి ఆదివారం చర్చి గుమ్మం దగ్గర అది అతన్నే పిలుచుకుపోయింది. మొదటిసారి వచ్చినప్పుడు అతను తల్లి చంకలో ఉన్నాడు.

విశ్వనాథం కలం పట్టుకుని ఎదురుచూశాడు. "చెప్పండి. మీదేనా?"

జకరయ్య తలుపు రెక్క పట్టుకుని బయటికి చూశాడు. అక్కడ అతని ఆటో ఉంది, వెనక బడి పేరు రాసి ఉంది. ఊపిరి పీల్చకుండా ఉందామని చూశాడు గానీ అది ఎంతోసేపు సాధ్యం కాలేదు.

"మాదే సార్," అన్నాడు. "మా అమ్మది."

"రెండింట్లో ఒకటి చెప్పాలి. ఫారంలో ఒకే గడి ఉంది."

"మాదే. రాసుకోండి."

షరతులు మూడే. వండేటప్పుడు కిటికీలు, తలుపులు మూసి ఉండాలి. వాసన గడప దాటరాదు. ఎవరినీ పిలవరాదు. వాసనకు విడిగా చదివి వినిపించారు. అది విన్నదని సాంబయ్య సాక్షి సంతకం పెట్టాడు.

దారిలో వాసన ఆటో వెనకసీట్లో సలోమి ఒడిలో కూర్చుంది. కాలనీ గేటు దగ్గర బోర్డు మీద అప్పటికే సుద్దముక్కతో జకరయ్య పేరు, ఇంటి నంబరు రాశారు. అక్షరదోషాలు లేవు. మెట్లెక్కుతుండగా ఫోను మోగింది. "అట్టాగేనమ్మా," అన్నాడు జకరయ్య. రెండో అంతస్తు దగ్గర మళ్లీ మోగింది. "పర్వాలేదు సార్. అట్టాగే." తర్వాత ఫోను జేబులో పెట్టుకున్నాడు.

సలోమి కిటికీలు మూసింది. తలుపు కింద సందులో తడిగుడ్డ దోపింది. తర్వాత దాక మూత తీసి పట్టుకుంది. వాసన ఒక్కసారి చుట్టూ చూసి మెల్లగా కూరలోకి దిగింది.

వేడన్నం పెట్టి, పైన కూర వేసి, సలోమి పళ్లేన్ని రాహేలమ్మ ఒళ్లో పెట్టింది. జకరయ్య మంచం పట్టె మీద కూర్చున్నాడు. రాహేలమ్మ ముఖం వంచింది. ఇంకా వంచింది. ముక్కు అన్నానికి తగిలేంత దగ్గరికి వెళ్లింది. ఇద్దరూ ఆమె నోటి వంకే చూస్తున్నారు.

"వచ్చిందే," అంది గట్టిగా. ముఖమంతా నవ్వు పరుచుకుంది. "అదే. పండేశావు. అడుగంటనీలా." ముద్ద కలిపి నోట్లో పెట్టుకుంది. నమిలింది. ఇంకో ముద్ద పెట్టుకుంది. మూడోది కలుపుతూ ఆగింది.

"ఏందే, ఇంత చిన్నగా మాట్టాడతందేంది ఇది? పేటలో గంట కొట్టినట్టు అరిచేది. ఒంట్లో బాగోలేదా దీనికి?"

"బాగానే ఉందత్తా," అంది సలోమి. "కాలనీలో ఉన్నాం గదా."

రాహేలమ్మ మూసిన కిటికీ ఎటుందో తెలిసినట్టు అటు తల తిప్పింది. తర్వాత తల ఊపి, మంచం పట్టె తడుముకుని కొడుకు చెయ్యి పట్టుకుంది.

"నువ్వూ తినరా," అంది, గొంతు బాగా తగ్గించి. "నాకింకొంచెం పెట్టమను."