ఈదమ్మ బర్రె తాగిన నీళ్లు

ఆ పొద్దున అబ్రహాం పెట్టుకున్న పని చిన్నదే. కొత్తకోట శివారులో అతను కాపలా ఉండే ఇంటి పెరట్లో వేడినీళ్ల టబ్బు ఒకటి ఉంది. యజమాని శివశంకర్ సారు వారానికోసారి హైదరాబాదు నుంచి వచ్చి, బుడగలు కక్కే ఆ నీళ్లలో మెడ దాకా మునిగి కూర్చుంటాడు. ఈ మధ్య నీళ్లు జిగురుగా ఉంటున్నాయట. అన్నీ తోడేసి, టబ్బు తోమి, జాలీ కడిగి, కొత్త నీళ్లు పట్టి, నీళ్లను శుద్ధి చేసే తెల్ల మందు డబ్బాలోంచి చెంచాడు కలపాలి. సాయంత్రానికి సారు దిగుతాడు.

మోటారు పెట్టి గొట్టాన్ని మురికినీళ్ల మోరీలో వేయబోయి అబ్రహాం ఆగిపోయాడు. బొంబాయిలో కూలికి ఉన్న రోజుల్లో బిందె నీళ్ల కోసం తన్నులు తిన్న మనిషి. ఇన్ని నీళ్లు మోరీపాలు చేయడానికి చెయ్యి రాలేదు. గోడ అవతల, పక్కింటి ఈదమ్మ బర్రె తొట్టి ఎండి ఉంది. గొట్టం అటు వేశాడు. బర్రె తల ఎత్తకుండా తాగింది.

అప్పుడే సారు ఫోన్ చేశాడు.

"నీళ్లు ఎటు ఇడిసినవ్? చెట్లకు గిట్ల పెట్టేవు. మందు నీళ్లు, ఏర్లతోని సచ్చిపోతయ్."

"మోరీల్నే ఇడిసిన సార్."

అబద్ధం బయటికి పోగానే ఆ ఖాళీలోకి భయం వచ్చి కూర్చుంది. అబ్రహాం భయం బొమ్మలుగా వస్తుంది. కాళ్లు చాపిన బర్రె కనిపించింది. దాని పక్కన ఈదమ్మ కనిపించింది. ఆ బర్రె తప్ప ఆమెకు ఇంకో ఆధారం లేదు. గోడ దగ్గరికి వెళ్లాడు.

"పెద్దమ్మా, బర్రె మంచిగున్నదా?"

"దానికేమైంది? రాయి లెక్కున్నది."

"ఊకెనే అడిగిన. జర సల్ల తాపరాదు దానికి?"

"బర్రెకు సల్లేందిరా? నీకు పానం బాగలేదా ఏంది?"

"పాలు పిండినవా?"

"ఇప్పుడే పిండి మహిపాల్ హోటలుకు పంపిన. దాని దిక్కు గట్ల సూడకు, దిష్టి తగుల్తది!"

డబ్బా చంకన పెట్టుకుని అబ్రహాం రోడ్డు మీది చాయ్ హోటలుకు ఉరికాడు. మహిపాల్‌ను పక్కకు పిలిచి నెమ్మదిగా చెప్పాలనుకున్నాడు. గుమ్మంలోనే నోరు అరిచేసింది.

"చాయ్ తాగకుండ్రి! బర్రె మందు తాగింది!"

గ్లాసులు ఆగిపోయాయి. ఒక లారీ డ్రైవర్ పొట్ట మీద చెయ్యి వేసుకున్నాడు. "రాత్రి సంది కడుపుల తిప్పుతున్నది. గిదేనా?" అతను చాయ్ తాగి అయిదు నిమిషాలు కాలేదు. ఇంకొకడికి కళ్లు తిరిగాయి. నలుగురు ఆటో ఎక్కి దవాఖానకు పోయారు.

వెనకనే ఈదమ్మ వచ్చింది. "నా బర్రెకేం తాపినవ్ రా, నీ చేతులిరగ!"

అబ్రహాం డబ్బా చూపించాడు. అతని భార్య రెబెకా జనాన్ని తోసుకుని వచ్చి, డబ్బాను చూసి నేల చూపులు చూసింది.

"అండ్ల మందు లేదు. ఉప్పు ఉన్నది."

"ఏందీ?"

"నెలాయె. ఆ మందు నీ లుంగీ మీద పడి తెల్లగ కాలేదా? చర్చికి కట్టే తెల్ల చీరెలకు వాడుకున్న. నువ్వు లొల్లి పెడ్తవని డబ్బల ఉప్పు నింపిన."

అబ్రహాం వేలితో కాస్త తీసి నాలుక మీద వేసుకున్నాడు. ఉప్పే. బర్రె అంత ఇష్టంగా ఎందుకు తాగిందో అర్థమైంది. ఏడుపు, నవ్వు ఒకేసారి వచ్చాయి. మహిపాల్ దవాఖానకు ఫోన్ చేశాడు. సూది గుచ్చకముందే నలుగురికీ నయమై మంచాలు దిగారట.

ఈదమ్మ మాత్రం ఇంకా ఆలోచిస్తోంది.

"నెల దినాలు మందే ఎయ్యలే అంటవ్. మరి ఆ నీళ్లల్ల ఏమున్నట్టు?"

గుండె తేలికైన అబ్రహాం ఆలోచించకుండా అన్నాడు.

"ఏముంటది పెద్దమ్మా, మా సారే."

మహిపాల్ చేతిలో ఫోన్ ఇంకా తెరిచే ఉంది. దవాఖానలో ఆ మాట విన్న నలుగురూ మళ్లీ మంచాలెక్కారు. మహిపాల్ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని, కక్కడానికి హోటలు వెనక్కి పరుగెత్తాడు.

సాయంత్రం సారు కొత్త నీళ్లలో మెడ దాకా దిగేసరికి, గోడ అవతల ఈదమ్మ బర్రె ఒక్కటే ఖాళీ అయిన తొట్టి దగ్గర నిలబడి ఆయన కోసం ఎదురుచూస్తోంది.