బియ్యం తిన్నదెవరు?

పెళ్లినాటి ఉదయం ఈశ్వరప్ప వేసుకున్న ఏర్పాటులో వానకు చోటు లేదు. పెట్రోలు యుద్ధానికి పోయి, బస్సులు బొగ్గుతో నడుస్తున్న రోజులు. కుప్పం నుంచి మగపెళ్లివాళ్ల బొగ్గు బస్సు వెంకటగిరికోట మీదుగా పొద్దెక్కేసరికి పుంగనూరు చేరుతుంది. వాళ్లు కాళ్లు కడుక్కుని, ఉప్మా తిని, పందిట్లో కూర్చుంటారు. పదకొండు గంటలకు కూతురు నాగరత్న మెడలో తాళి పడుతుంది. పందిరి ఇంటి ముందు వీధి నిండా కొబ్బరాకులతో వేయించాడు. కొబ్బరాకులు వానకు ఆగవని ఆయనకు తెలియక కాదు. వాన రాదని ఆయనకు తెలుసు.

ఎలాగంటే, నాగరత్న పుట్టి బుద్ధెరిగాక ఒక్క పచ్చి బియ్యపు గింజ నోట్లో వేసుకోలేదు. పచ్చి బియ్యం తిన్నవాళ్ల పెళ్లికి వాన పడుతుందని ఆ చుట్టుపక్కల ఎవరినడిగినా చెబుతారు. ఈశ్వరప్ప పెళ్లినాడు కురిసిన వానకు పందిరి కూలింది, పానకం బిందెలో కప్ప దూకింది. భార్య ప్రమీలమ్మ చిన్నప్పుడు బియ్యం బొక్కడమే దానికి కారణమని ఆయన ఆ రోజే తేల్చేశాడు. తినలేదని ఆమె ఏడ్చి చెప్పింది. ముప్పై ఏళ్లు చెప్పింది. వినే చెవి ఆ ఇంట్లో ఉంటే కదా! వాన ఎక్కడైనా మబ్బులోంచి పడుతుంది. ఆ ఇంట్లో మాత్రం ఆడదాని నోట్లోంచి పడాల్సిందే.

పుంగనూరులో పేరున్న బియ్యం వ్యాపారి ఆయన. అయినా ఇంట్లో బియ్యపు గదికీ, ఇంటి పక్క గోడౌనుకూ తాళాలు వేసి, తాళంచెవులు మొలతాటికి కట్టుకున్నాడు. ఇల్లాలు రోజూ పూటకింత అని చెయ్యి చాచి అడగాలి. అదీ సహించింది ప్రమీలమ్మ. తను మోసిన నింద కూతురు కుప్పంలో మోయకుండా ఉంటే చాలనుకుంది. అందుకే తెల్లవారకముందు నుంచీ మబ్బువైపు చూసి దండం పెడుతూనే ఉంది.

మదనపల్లెలో పెళ్లిళ్లకు జంఖానాలు, గ్యాసులైట్లు బాడుగకిచ్చే అబ్దుల్ జబ్బార్ ఎద్దులబండి దిగుతూనే తలెత్తి చూశాడు.

"సామీ, మబ్బు నల్లంగా ఉండాది. ఎందుకైనా మంచిదని టార్పాలిన్ తెచ్చిండాను. పందిరి మీద కప్పేద్దామా?"

ఈశ్వరప్పకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఎప్పుడూ ఏదో నములుతూ ఉండే ఆయన దవడ కూడా కాసేపు ఆగిపోయింది.

"యాల కప్పాల?"

"పందిరి తడస్తాది గదా సామీ."

"దాన్ని కప్పితే ఏమని అర్థం? నా కూతురు బియ్యం తినిండాదని నేనే దండోరా ఏసినట్టు కాదా?"

"పాప ఏం తినిందో నేను అడగలేదు సామీ. పందిరి సంగతి సెప్తాండాను."

"రెండూ ఒకటేనప్పా! తీసకపో దాన్ని!"

జబ్బార్ టార్పాలిన్ తీసుకుపోయి తన బండి మీద కప్పుకున్నాడు.

అక్కడితో ఆగితే ఈశ్వరప్ప ఎందుకవుతాడు! రామసముద్రం నుంచి గొడుగు పట్టుకుని వచ్చిన ఒక ముసలి బంధువును గుమ్మంలోనే నిలదీశాడు. "గొడుగు యాల తెచ్చినావు మామా? నా బిడ్డ మీద అనుమానమా?" పాపం ఆయన గొడుగు ఎదురింటి అరుగు మీద పెట్టి, నేరం చేసినవాడిలా వచ్చి కూర్చున్నాడు.

బస్సు వచ్చింది. ఉప్మాలు అయ్యాయి. పెళ్లికొడుకు ముద్దుకృష్ణ పీట మీద కూర్చోగానే మొదటి చినుకు పురోహితుడి బట్టతల మీద పడింది.

"ఇది వాన కాదు, మంచు!" అని కేకేశాడు ఈశ్వరప్ప. "ఎవురూ లేవద్దండి!"

మంచు కాస్తా గాలితో కలిసి దంచికొట్టింది. కొబ్బరాకులు చిల్లుల బిందె అయ్యాయి. డోలు తడిసి మోగడం మానేసింది. పెళ్లికొడుకు బాసికం జారి ముక్కు మీదికి వచ్చింది. అతని తల్లి గంగులమ్మ కట్టుకున్న ఎర్రపట్టుచీర రంగు దిగి పక్కింటివాళ్ల చాప మీదికి పారింది.

"ఏం వదినా!" అందామె ప్రమీలమ్మతో, పందిరంతా వినేట్టు. "మీ పిల్ల బియ్యం శానా తినిండాదే!"

నాగరత్న తలదించుకుంది. ప్రమీలమ్మ సరిగ్గా ఏ మాటకు భయపడిందో ఆ మాటే వచ్చింది. ఆమె నోరు తెరిచేలోపు ఈశ్వరప్ప అందుకున్నాడు.

"నా పిల్లా? తాళమేసి పెంచినానమ్మా! మీవోడే బొక్కింటాడు, అడుగు!"

"నా కొడుకునే అంటావా? ఆడపిల్ల తండ్రివి, ఇంత నోరా? లెయ్యిరా కృష్ణా! లెయ్యప్పా!" అని కొడుకునూ, భర్త వెంకటమునినీ లేవదీసి, గంగులమ్మ కుప్పం జనాన్నంతా బస్సు దగ్గరికి నడిపించింది.

బస్సు పక్కన డ్రైవరు తడి బొగ్గు సంచిని కాలితో తన్నుతున్నాడు. "ఇది ఎండితే గానీ బండి కదల్దమ్మా. ఎండ యాడుండాది?"

కోపంగా వెళ్లిపోవడానికి వీల్లేక, మర్యాదగా తిరిగి రావడానికి మనసొప్పక, మగపెళ్లివాళ్లు వానలో నిలబడిపోయారు. ఇక్కడ పురోహితుడు ముహూర్తం దాటిపోతోందని గగ్గోలు పెడుతున్నాడు.

ప్రమీలమ్మ మొగుడి ముందుకొచ్చి చెయ్యి చాచింది. "గోడౌను తాళంచెవి ఇటియ్యి."

"యాల?"

"ఇంతమందికి తడవని సోటు అదొక్కటే. ఇస్తావా, మొలతాడు తెంపుకోమంటావా?"

ఆ గొంతు ఈశ్వరప్ప ఎన్నడూ విని ఉండలేదు. ఇచ్చేశాడు. జబ్బార్ తన బండి మీది టార్పాలిన్ విప్పి, నాలుగు మూలలా మనుషుల్ని పెట్టి, మగపెళ్లివాళ్లందరినీ దాని కిందే గోడౌనుకు నడిపించాడు. ఈశ్వరప్ప మాత్రం దాని కిందికి రాలేదు. రోషంగా తడుస్తూ పక్కన నడిచాడు.

బియ్యం మూటల మధ్య పీటలు వేశారు. హోమం పొగకు అందరూ దగ్గుతుంటే గంగులమ్మ మళ్లీ మొదలుపెట్టింది. "ఇన్ని మూటల మద్దెన పెరిగిన పిల్ల తినకుండా ఉంటాదా?"

ఈశ్వరప్ప ఒళ్లు మండిపోయింది. "ఇదో సూడమ్మా! మా ఇంట్లో పచ్చిబియ్యం నోట్లో పెట్టే మనిసే లేడు! అగ్గి ముందర నిలబడి సెప్తాండా!" అంటుండగానే గోడ వార మూటకు తేమ తగిలిందేమోనని అనుమానం వచ్చింది. మాట మాటే, చెయ్యి చెయ్యే. బియ్యం తీసి చూసే ఇనప గొట్టం మూటలో గుచ్చి, అరచేతిలో పడిన గింజల్ని నోట్లో వేసుకుని కటుక్కున కొరికాడు.

మంత్రం ఆగిపోయింది.

"నోట్లో ఏముండాది?" అంది ప్రమీలమ్మ.

"బియ్యం. తేమ పట్టినాయేమోనని సూస్తాండా."

"ఎన్నాళ్లుగా సూస్తాండావు?"

"మా నాయన నన్ను అంగట్లో కూసోబెట్టినప్పటి నుంచీ."

"అంటే మన పెండ్లికి ముందు నుంచీ."

ఈశ్వరప్ప దవడ ఆగింది. "అది తినడం గాదు. యాపారం."

"ఉమిసేవాడివా, మింగేవాడివా?"

ఆయన చుట్టూ చూశాడు. ఎవరూ కాపాడేట్టు లేరు. "మింగేవాణ్ణి," అన్నాడు.

ముప్పై ఏళ్లు మోసిన నింద! ప్రమీలమ్మకు కోపంతో కళ్లలో నీళ్లు తిరిగాయి. అంతలో ఇంకో కటుక్కుమన్న చప్పుడు వినిపించింది. కుప్పంలో వెంకటమునిదీ బియ్యం అంగడే. ఎప్పుడు చెయ్యి పెట్టాడో, అదే మూటలోని గింజలు నములుతూ, "తేమ లేదులే బావా, పాతబియ్యం," అన్నాడు ఓదార్పుగా.

గంగులమ్మ భర్తను చూసింది. "మన పెండ్లికీ వాన పడింది గదా? మీయమ్మ నన్నేమేమి అనిందో గుర్తుండాదా?" అని, గిర్రున కొడుకు వైపు తిరిగింది. "ఒరే కృష్ణా, అంగట్లో నువ్వు గూడా ఇట్లే సూస్తావా?"

పీట మీద పెళ్లికొడుకు గబుక్కున ఏదో మింగాడు.

దించిన తల ఎత్తి నాగరత్న అతన్ని తేరిపార చూసింది. గంగులమ్మ వచ్చి కోడలి పక్కనే కూర్చుంది. "కట్టరా తాళి! ఇంక ఈ పిల్లనెవురన్నా ఒక మాటంటే నేనూరుకోను!" అంది.

తాళంచెవులు ఆ రోజు నుంచి ప్రమీలమ్మ కొంగున ఉండిపోయాయి. ఆ ఏడు వానలు విడవకుండా కురిసి, చెరువులు నిండి, వరి విరగపండి, బియ్యం ధర పడిపోయింది. ఇదంతా ఎవరి వల్ల అని ఈశ్వరప్ప భార్య వైపు తిరగబోయి, నోట్లో గింజలున్నాయని గుర్తొచ్చి, మానుకున్నాడు.